జోయీ పాత్రధారి వెండీ పాడ్‌బరీ: నటన నుంచి నటుల ఏజెంటు వృత్తికి

తీరికవేళ:

కాలంలో ప్రయాణించే డాక్టరు కథ చెప్పే బ్రిటిష్ ధారావాహిక డాక్టర్ హూలో, ఆ పాత్ర ధరించిన రెండవ నటుడు ప్యాట్రిక్ ట్రౌటన్ వెంట తిరిగిన జోయీ హెరియట్‌ను చూసినవారికి వెండీ పాడ్‌బరీ పేరు తెలిసే ఉంటుంది. ఆమె గురించి నేను చదివిన వ్యాసాలు దాదాపు ఒకే తీరున సాగాయి. 1968లో చేరారు, 1969లో వెళ్ళిపోయారు, ఆ తరువాత కొన్ని వేషాలు వేశారు, చివరకు నటుల ఏజెంటు అయ్యారు. ఆ ఆఖరి మాటను ఒక్క వాక్యంలో ముగించి వ్యాసకర్త సెలవు తీసుకుంటాడు. నా మనసు మాత్రం ఆ వాక్యం దగ్గరే ఆగిపోతోంది.

ఆమె 1947 డిసెంబరు 7న షేక్స్పియర్ పుట్టిన స్ట్రాట్‌ఫర్డ్ అపాన్ ఏవన్‌లోనే పుట్టారు. లండన్‌లోని అయిడా ఫాస్టర్ నటశిక్షణ పాఠశాలలో చదివారు. 1966లో క్రాస్‌రోడ్స్ ధారావాహికలో స్టీవీ హారిస్ అనే అమ్మాయిగా కనిపించారు. ఆ కథంతా ఒక మోటెల్ చుట్టూ తిరుగుతుంది. దాని యజమానురాలు మెగ్ రిచర్డ్‌సన్ తన ఇంట్లో పెట్టుకుని పెంచే పిల్ల స్టీవీ. అక్కడి నుంచి రెండేళ్ళలో బీబీసీ శనివారం సాయంత్రాల్లో వేసే డాక్టర్ హూకు చేరుకున్నారు. తరువాతి కాలంలో ఏజెంటుగా నికొలస్ కోర్ట్నీ, కొలిన్ బేకర్, మార్క్ స్ట్రిక్సన్ వంటి నటుల పనులు చూశారు. నేషనల్ యూత్ థియేటర్‌లో ఉన్న మాట్ స్మిత్ అనే కుర్రవాణ్ణి మొదట గుర్తించిన వ్యక్తిగా కూడా ఆమెనే చెబుతారు.

నటిగా ఆమె నేర్చుకున్నదానికీ ఏజెంటుగా ఆమె చేసినదానికీ గట్టి సంబంధం ఉందని నా నమ్మకం. రెండవ వృత్తిని మొదటిదానికి తోకలా చూడడం సరికాదనిపిస్తోంది. ఈ విషయంలో లోతు తెలిసినవారు తమ మాట చెప్పాలని కోరుతున్నాను.

పాతసీరియళ్ళు:

మంచి ప్రశ్న వేశారు తీరికవేళ గారూ. ముందుగా నటన సంగతి చెబుతాను, ఎందుకంటే ఆ ఏడాది పైచిలుకు కాలంలో ఆమె ఎంత పని చేశారో ఈనాటి ప్రేక్షకులు ఊహించడం కష్టం.

పాడ్‌బరీ నటించిన కథలు ఎనిమిది. ది వీల్ ఇన్ స్పేస్ నుంచి ది వార్ గేమ్స్ వరకు వాటి భాగాలను కూడితే సరిగ్గా యాభై. ఆరవ సీజన్ ఒక్కదానిలోనే 44 భాగాలు ఉన్నాయి. ఈ రోజుల్లో ఏడాదికి ఎనిమిదో పదమూడో భాగాలు తీసి అలసిపోయామంటున్న పరిశ్రమతో పోల్చి చూడండి. అప్పట్లో వారానికి ఒక భాగం చొప్పున తీసేవారు. వారమంతా తాలీము చేసి, చివరి రోజు సాయంత్రం స్టూడియోలో కెమెరాల ముందు దాదాపు వరుసక్రమంలో, చాలా తక్కువ విరామాలతో రికార్డు చేసేవారు. టేపు కోయడం ఖరీదైన వ్యవహారం కనుక, చిన్న తప్పులు దొర్లినా నటులు ఆగకుండా సర్దుకుపోవలసిందే. ఒక విధంగా అది నాటకమే, కాకపోతే ప్రతి వారం కొత్త నాటకం.

ఆ ఒత్తిడికి ది మైండ్ రాబర్ మంచి ఉదాహరణ. దానికి ముందున్న ది డామినేటర్స్ కథను ఆరు భాగాల నుంచి అయిదుకు తగ్గించడంతో ఒక భాగం లోటు పడింది. కథా సంపాదకుడు డెరిక్ షెర్విన్ కొత్త సెట్లకు డబ్బు లేకుండానే, తెల్లని శూన్యంలో జరిగే ఒక భాగాన్ని అప్పటికప్పుడు రాశారు. ఆ తరువాత డాక్టరు మరో సహచరుడు జేమీ పాత్రధారి ఫ్రేజర్ హైన్స్‌కు ఆటలమ్మ సోకింది. దాంతో జేమీ ముఖం చెరిగిపోయిందనీ, డాక్టరు ముఖభాగాలను పేర్చడంలో పొరబడ్డాడనీ కథలోనే ఒక మలుపు కల్పించి, కొద్దికాలం హేమిష్ విల్సన్ చేత ఆ వేషం వేయించారు. ఎదుటి నటుడు హఠాత్తుగా మారిపోయినా పాడ్‌బరీ నటనలో తడబాటు కనబడదు. అదే కథలో కార్కస్ అనే కండల వీరుణ్ణి ఆమె నేలకు విసిరికొట్టే దృశ్యాన్ని ఇప్పటికీ అభిమానులు తలచుకుంటారు.

జోయీ పాత్ర గురించి కూడా ఒక మాట. ఆమె ఖగోళ భౌతిక శాస్త్రం చదివిన అమ్మాయి, ఒకసారి చూసినదాన్ని మరచిపోదు. ది ఇన్వేజన్ కథలో క్షిపణులను ఏ క్రమంలో ప్రయోగిస్తే సైబర్‌మెన్ అనే యంత్రమానవుల అంతరిక్ష నౌకాదళం మొత్తం కూలుతుందో లెక్కగట్టి చెప్పేది ఆమే. చుట్టూ ఉన్న సైనికులు నోరు తెరుచుకుని చూస్తారు. 1968లో సాయంత్రపు కుటుంబ కార్యక్రమంలో ఇరవై ఏళ్ళ నటి ఒకరు లెక్కలతో లోకాన్ని కాపాడడం చిన్న విషయం కాదు.

వేగుచుక్క:

నటన గొప్పదని ఒప్పుకుంటాను. అయితే ఏజెంటు వృత్తిని మనం అవసరానికి మించి పొగుడుతున్నామేమో అని నా అనుమానం. వేషాలు తగ్గినప్పుడు నటులు ఏదో ఒక పని చూసుకుంటారు. కొందరు బోధిస్తారు, కొందరు దుకాణం పెడతారు, కొందరు తోటివారికి అవకాశాలు వెతికి పెడతారు. పాడ్‌బరీ విషయం కూడా అలాంటిదే కావచ్చు కదా. డాక్టర్ హూ తరువాత ఆమెకు అంతటి పాత్ర మళ్ళీ దొరకలేదన్నది వాస్తవం. అవసరం కొద్దీ చేసిన పనికి మనం తరువాత కూర్చుని గొప్ప అర్థాలు కల్పించడం న్యాయంగా తోచడం లేదు.

తీరికవేళ:

వేగుచుక్క గారూ, మీ అభ్యంతరాన్ని నేను తేలికగా తీసుకోవడం లేదు. అందుకే ఆమె వేసిన వేషాలను వయసుతో కలిపి మరొకసారి చూశాను.

క్రాస్‌రోడ్స్‌లో పెంపుడు పిల్లగా నటించినప్పుడు ఆమెకు పద్దెనిమిదేళ్ళు. జోయీగా చేరినప్పుడు ఇరవై. పియర్స్ హాగర్డ్ దర్శకత్వంలో 1971లో విడుదలైన ది బ్లడ్ ఆన్ సేటన్స్ క్లా చిత్రంలో క్యాథీ అనే పల్లెటూరి అమ్మాయిగా నటించారు. ఊరి పిల్లల చేతిలోనే క్యాథీ ప్రాణం పోగొట్టుకునే ఘట్టం ఆ చిత్రంలోకెల్లా తట్టుకోలేనిది. ఆ తరువాత సదరన్ టెలివిజన్ వారు పిల్లల కోసం తీసిన ఫ్రీవీలర్స్ సాహస ధారావాహికలో సూ అనే యువతి. 1974 డిసెంబరులో లండన్ అడెల్ఫీ థియేటర్‌లో డాక్టర్ హూ కథనే నాటకంగా ఆడినప్పుడు డాక్టరు వెంట వెళ్ళే జెన్నీ అనే అమ్మాయి. అప్పటికి ఆమెకు ఇరవై ఏడేళ్ళు నిండాయి.

అంటే దాదాపు తొమ్మిదేళ్ళపాటు పరిశ్రమ ఆమెను ఒకే అచ్చులో చూసింది. చిన్న ఆకారం, పెద్ద కళ్ళు, చురుకైన అమ్మాయి. ఆ అచ్చులో పాత్రలు ముప్ఫై ఏళ్ళు దాటిన నటికి దొరకవు. ఇది ఆమె లోటని నేను అనుకోను, పాత్రలు రాసేవారి ఊహకున్న హద్దు అది. ఆ హద్దును తన శరీరంతో అనుభవించిన మనిషి, రేపు ఒక యువనటి ఫొటో చేత పట్టుకుని ఆమెను ఎక్కడ, ఏ వేషానికి, ఎన్నేళ్ళ దృష్టితో నిలబెట్టాలని ఆలోచించినప్పుడు, అది కేవలం పొట్టకూటి పని అవుతుందా?

అడెల్ఫీ నాటకం గురించి పాతవారికి ముచ్చట కలిగించే సంగతి ఒకటి ఉంది. అందులో డాక్టరుగా నటించిన ట్రెవర్ మార్టిన్, అంతకు అయిదేళ్ళ ముందు ది వార్ గేమ్స్ చివరి భాగంలో డాక్టరు సొంత జాతికి చెందిన టైమ్ లార్డ్‌గా కనిపించిన నటుడే. డాక్టరుకు శిక్ష వేసి, జోయీని అతని నుంచి విడదీసిన న్యాయపీఠంలో కూర్చున్న మనిషి, రంగస్థలం మీద ఆమెను వెంట తీసుకువెళ్ళే డాక్టరయ్యాడు.

థేమ్స్_ఒడ్డు:

నేను పదిహేడేళ్ళుగా లండన్‌లో ఉంటున్నాను. మా అమ్మాయి నటనలో శిక్షణ పూర్తి చేసి మూడేళ్ళుగా ఈ రంగంలో ఉంది కనుక ఏజెంటు అనే మనిషి ఏం చేస్తారో ఇంటి నుంచే చూస్తున్నాను. ఇక్కడి పద్ధతి తెలియకపోతే పాడ్‌బరీ పని విలువ అర్థం కావడం కష్టం.

బ్రిటన్‌లో ఒక ధారావాహికకు నటులు కావాలంటే, వారిని ఎంపిక చేసే క్యాస్టింగ్ డైరెక్టరు బ్రేక్‌డౌన్ అని పిలిచే పాత్రల పట్టికను ఏజెంట్లకు పంపుతారు. పెద్ద పాత్రల వివరాలు చాలావరకు నటులకు నేరుగా చేరవు. ఏజెంటు ఆ పట్టిక చూసి, తన దగ్గరున్న వారిలో ఎవరి పేరు చెప్పాలో నిర్ణయిస్తారు. 1927 నుంచి వస్తున్న స్పాట్‌లైట్ అనే నటుల ఫొటోల పుస్తకం ఒకప్పుడు అందరి బల్లల మీదా ఉండేది, ఇప్పుడది కంప్యూటరులోకి మారింది. ప్రతి పాత్రకూ పది పేర్లు గుమ్మరించే ఏజెంటు మాటను క్యాస్టింగ్ డైరెక్టర్లు కొంతకాలానికి పట్టించుకోవడం మానేస్తారు. ఒక్క పేరు చెప్పి, ఆ ఒక్కరినే ఎందుకు చూడాలో రెండు ముక్కల్లో చెప్పగలిగిన ఏజెంటు ఫోను మాత్రం ఎత్తుతారు. ఈ రంగంలో పెట్టుబడి డబ్బు కాదు, ఆ నమ్మకమే.

వేషం దొరికిన తరువాత అసలు పని మొదలవుతుంది. పారితోషికం ఎంత, మళ్ళీ ప్రసారమైతే ఎంత, విదేశాలకు అమ్మితే ఎంత, పేరు తెర మీద ఏ వరుసలో వేస్తారు, వేరే నాటకం తేదీలతో ఢీకొంటే ఏం చేయాలి, ఇవన్నీ ఒప్పందంలో ఏజెంటు చూసుకోవాలి. సొమ్ము ముందు ఏజెంటు దగ్గరకే వస్తుంది. సాధారణంగా పది నుంచి పదిహేను శాతం కమిషను పట్టుకుని మిగిలింది నటులకు ఇస్తారు. నటుల సొమ్మును సొంత ఖాతాలో కలపకుండా విడిగా ఉంచాలన్న నిబంధన చట్టంలోనే ఉంది. నటులు సంపాదిస్తేనే ఏజెంటుకు తిండి. ఏడాదిపాటు ఒక్క వేషం రాని నటి కోసం ఏజెంటు చేసిన ఫోన్లకు ఎవరూ రూపాయి ఇవ్వరు.

మా అమ్మాయిని ఒక పేరున్న ఏజెన్సీ ఎనిమిది నెలలు తన జాబితాలో ఉంచుకుని, ఆ కాలంలో ఒక్కసారి కూడా ఫోను చేయలేదు. తరువాత చేరిన చిన్న ఏజెన్సీలో ఆమె పని చూసే ఆవిడ ఒకప్పుడు నటి. ఆడిషన్ అయిపోయిన రోజు సాయంత్రం, ఫలితం ఏమీ తెలియకపోయినా, "ఇంకా ఏమీ తెలియలేదు, కానీ నేను అడిగాను" అని చెప్పడానికి ఫోను చేస్తారు. ఆ ఒక్క మాటకు మా ఇంట్లో రాత్రి భోజనం రుచి మారిపోతుంది. ఫోను పక్కన కూర్చుని ఎదురుచూసిన వారికే ఆ మాట చెప్పాలని తోస్తుందని నా అభిప్రాయం.

కాల్షీట్:

హైదరాబాదులో ప్రొడక్షన్ శాఖలో చాలా ఏళ్ళు పనిచేసిన వాణ్ణి. థేమ్స్ ఒడ్డు గారు చెప్పిన పద్ధతికీ మన దగ్గర నేను చూసినదానికీ ఉన్న తేడా చెప్పాలనిపించింది.

మన దగ్గర నటుల మేనేజరు అంటే ప్రధానంగా డేట్లు చూసే మనిషి. ఏ నిర్మాతకు ఎన్ని కాల్షీట్లు ఇచ్చాం, అడ్వాన్సు అందిందా, బ్యాలన్సు ఎప్పుడు, ఔట్‌డోరుకు ఎవరెవరు వెంట వస్తారు, ఇవి ఆయన లెక్కలు. తరచుగా ఒక పెద్ద నటుడికి ఒక మేనేజరు, ఆయన నీడలా ఉంటాడు. కొత్తవారిని వెతికి, వారి తరఫున నాలుగు చోట్ల మాట్లాడి, ఎదిగేవరకు ఓపిక పట్టే మధ్యవర్తి వ్యవస్థ నేను పని చేసిన రోజుల్లో దాదాపు లేదు. కొత్తవాళ్ళు ఫొటోల ఆల్బం చంకన పెట్టుకుని స్వయంగా ఆఫీసుల చుట్టూ తిరిగేవారు. నేనే ఎందరినో గేటు దగ్గర కూర్చోబెట్టాను, ఆ ముఖాలు ఇప్పటికీ గుర్తున్నాయి.

కనుక ఒక నటి, తన పేరు తెలిసినవారు ఇంకా ఉండగానే, తన ఫొటో పక్కన పెట్టి ఇతరుల ఫొటోలు చేతపట్టుకోవడం నాకు పెద్ద విషయంగానే కనిపిస్తుంది. వెలుగులో నిలబడడం రుచి చూసిన వారికి ఆ వెలుగు బయట నిలబడడం అంత సులువు కాదు.

గోధూళి:

నేను డాక్టర్ హూలోకి వచ్చిందే మాట్ స్మిత్ వల్ల. అందుకే ఆయన ప్రస్తావన రాగానే ఆగలేకపోయాను. పాడ్‌బరీ ఆయనను పదకొండవ డాక్టరుగా చేశారంటే, తన తరువాతి తరం డాక్టరును తానే తయారుచేశారన్నమాట. ఆయన ది క్రౌన్‌లో రాకుమారుడు ఫిలిప్‌గా, హౌస్ ఆఫ్ ద డ్రాగన్‌లో డేమన్‌గా నటించడానికి కూడా మూలం ఆమే అవుతారు కదా. ఈ గొలుసును తలచుకుంటేనే ఒళ్ళు పులకరిస్తోంది.

పాతసీరియళ్ళు:

గోధూళి గారూ, మీ సంతోషంలో పాలుపంచుకుంటూనే ఒక దిద్దుబాటు చేయాలి. ఆమెకు దక్కవలసిన ఘనత ఖచ్చితంగా ఎక్కడుందో చెబితేనే అది నిలుస్తుంది.

మాట్ స్మిత్ నార్తాంప్టన్ కుర్రవాడు. ఫుట్‌బాల్ ఆటగాడు కావాలనుకున్నాడు, వెన్నునొప్పి ఆ దారి మూసేసింది. ఆయనను నాటకం వైపు మళ్ళించినది బడిలోని ఒక ఉపాధ్యాయుడు. నేషనల్ యూత్ థియేటర్‌లో చేరి మర్డర్ ఇన్ ద క్యాథెడ్రల్, ది మాస్టర్ అండ్ మార్గరీటా నాటకాల్లో వేషాలు వేశాడు. ఈస్ట్ ఆంగ్లియా విశ్వవిద్యాలయంలో చదువుతుండగానే వృత్తి నాటకాల్లో అవకాశాలు వచ్చాయి. పాడ్‌బరీ కన్ను పడింది ఈ దశలో. అప్పటికి అతను ఎవరో లోకానికి తెలియదు.

డాక్టరు పాత్రకు ఎంపిక చేసినది ఆమె కాదు. అది ధారావాహిక ప్రధాన రచయితగా రాబోతున్న స్టీవెన్ మొఫాట్ బృందమూ, క్యాస్టింగ్ డైరెక్టరు ఆండీ ప్రయరూ కలిసి చేసిన నిర్ణయం. 2009 జనవరి 3న ప్రకటించినప్పుడు స్మిత్ వయసు ఇరవై ఆరు, అప్పటివరకు ఆ పాత్ర ధరించిన వారందరిలోకీ చిన్నవాడు. ఇంకొక సంగతి, మొఫాట్ షెర్లాక్‌లో వాట్సన్ పాత్రకు కూడా ఆయనను చూశారు. ఆ పాత్ర మార్టిన్ ఫ్రీమన్‌కు వెళ్ళింది.

ఇలా విడదీసి చూస్తే పాడ్‌బరీ పని చిన్నదైపోదని నా మనవి. పేరు వచ్చిన తరువాత ఎంచుకోవడానికి వందమంది ఉంటారు. విద్యార్థుల నాటకంలో, ఇంకా చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియని వయసులో ఉన్న ఒక పొడవాటి కుర్రవాణ్ణి చూసి ఇతను నిలుస్తాడని నమ్మడం వేరు. ఎదుటి నటుడిలో ఏది ప్రాణమున్నదో, ఏది నేర్చుకున్న విద్యో పట్టుకోవడానికి ఆ రోజుల్లో ట్రౌటన్ పక్కన నిలబడిన అనుభవం ఆమెకు తోడ్పడి ఉంటుందని నేను భావిస్తాను. ట్రౌటన్ ముఖంలో ఒకే క్షణంలో ముసలితనమూ పసితనమూ కనబడతాయి. మాట్ స్మిత్‌లో కూడా జనం మెచ్చుకున్నది సరిగ్గా అదే. స్మిత్ తన డాక్టరుకు ట్రౌటన్‌ను ఆదర్శంగా తీసుకున్నాడన్నది అందరికీ తెలిసిన సంగతి.

తీరికవేళ:

పాతసీరియళ్ళు గారి చివరి మాట చదివి కాసేపు అలాగే ఉండిపోయాను.

నేషనల్ యూత్ థియేటర్ ప్రస్తావన వచ్చింది కనుక ఒక పాత ఉదాహరణ చెప్పాలి. మైకేల్ క్రాఫ్ట్ 1956లో స్థాపించిన ఆ సంస్థ 1965లో ఓల్డ్ విక్‌లో ఆడిన నాటకంలో హెలెన్ మిరెన్ క్లియోపాత్రాగా నటించారు. ఆ ప్రదర్శన తరువాత ఆమెను తన జాబితాలో చేర్చుకున్న ఏజెంటు అల్ పార్కర్. ఆయన మూకీల కాలంలో నటుడు, దర్శకుడు. డగ్లస్ ఫెయిర్‌బ్యాంక్స్ నటించిన 1926 నాటి ది బ్లాక్ పైరేట్ ఆయన తీసినదే. 1935లో జేమ్స్ మేసన్‌ను మొదటిసారి తెరమీదకు తెచ్చినదీ ఆయనే. నటన లోపలి నుంచి తెలిసినవారు ఏజెంట్లు కావడం బ్రిటన్‌లో కొత్త కాదన్నమాట.

డాక్టర్ హూ కుటుంబంలోనే ఈ దారి పట్టినవారు మరో ఇద్దరున్నారు. 1966లో డాక్టరు సహచరి డోడో పాత్ర వేసిన జాకీ లేన్ గొంతు నటుల ఏజెన్సీ నడిపారు, టామ్ బేకర్ ఆమె దగ్గర ఉండేవారు. 2021లో ఆమె కన్నుమూశారు. ఆస్ట్రేలియాలో పుట్టిన జానెట్ ఫీల్డింగ్, అంటే మరో సహచరి టీగన్ పాత్ర వేసినావిడ, నటన విడిచిపెట్టిన తరువాత ఏజెంటుగా చేశారు. 1996 నాటి డాక్టర్ హూ చిత్రం సమయంలో పాల్ మెక్‌గాన్ పనులు చూసినది ఆమే. డాక్టరు వెంట నడిచే సహచరులుగా తెర మీద కనిపించిన ముగ్గురు స్త్రీలు, తెర వెనుక డాక్టర్ల ఒప్పందాలు చదివి, బేరాలాడి, సంతకాలు పెట్టించారు. కథలో డాక్టరు వారిని కాపాడేవాడు.

వేగుచుక్క:

కొంతవరకు నా మాట వెనక్కి తీసుకుంటున్నాను. అవసరం కొద్దీ మొదలైన పని కూడా విద్యగా ఎదగవచ్చునని మీ వాదన, దానిని కాదనలేను.

అయినా మరొక సందేహం మిగిలింది. కోర్ట్నీ, బేకర్, స్ట్రిక్సన్, ముగ్గురూ డాక్టర్ హూ మనుషులే. తెలిసినవారి పనులు తెలిసినవారు చూసుకోవడంలో ప్రతిభను గుర్తించే కన్ను ఎక్కడుంది? అది స్నేహం మాత్రమే కదా.

థేమ్స్_ఒడ్డు:

స్నేహం మాత్రమే అయితే నటులు డబ్బు విషయంలో దానిని ఎక్కువకాలం సహించరు, ఈ మాట నేను అనుభవంతో చెబుతున్నాను. ఏజెంటును మార్చడానికి ఒక ఉత్తరం చాలు.

ఆ ముగ్గురి పరిస్థితులూ వేరువేరని గమనించండి. నికొలస్ కోర్ట్నీని ఆ ధారావాహికలోని సైనికాధికారి బ్రిగేడియర్ అంటేనే జనం గుర్తుపడతారు. ది ఇన్వేజన్‌లో ఆ హోదాలో ఆయన మొదటిసారి కనిపించినప్పుడు పాడ్‌బరీ అదే కథలో ఉన్నారు. యూనిఫాం లేని కోర్ట్నీని ఊహించలేని పరిశ్రమకు ఆయన పేరు చెప్పడం ఒక రకమైన కష్టం. కొలిన్ బేకర్‌ది ఇంకా చేదు స్థితి. 1986లో బీబీసీ ఆయనను డాక్టరు పాత్ర నుంచి తొలగించింది. అలాంటి నటుడు తరువాత దశాబ్దాలపాటు పర్యటన నాటకాల్లో, క్రిస్మస్ వేళ పాంటోమైమ్‌లనే కుటుంబ వినోద నాటకాల్లో నిలకడగా పనిచేశాడంటే ఆ పనులకు తేదీలు కుదిర్చి, ఊరూరా థియేటర్లతో మాట్లాడే చేతులు వెనుక ఉండాలి. పత్రికల్లో రాని పని అది. మార్క్ స్ట్రిక్సన్ తరువాత నటన మాని ఆస్ట్రేలియా వెళ్ళి జంతుశాస్త్రం చదివి, వన్యప్రాణుల చిత్రాల నిర్మాతగా స్థిరపడ్డారు. తన జాబితాలోని మనిషి వేరే దారి వెతుక్కున్నప్పుడు, తాను కూడా ఒకసారి దారి మార్చుకున్న ఏజెంటుకు దాని అర్థం తెలుస్తుంది.

ఒక పాత్ర ముద్ర మీద పడ్డ నటుల బాధ జోయీ ముద్ర మోసిన మనిషికంటే ఇంకెవరికి బాగా తెలుస్తుంది వేగుచుక్క గారూ? వారు ఆమె దగ్గరకు వెళ్ళడానికి స్నేహం ఒక కారణమే గానీ, ఆ ఎరుక అంతకంటే పెద్ద కారణమని నాకనిపిస్తుంది.

పాతసీరియళ్ళు:

ఒప్పందాల మాట వచ్చింది కనుక ఒక విచారకరమైన సంబంధం చెబుతాను. 1960లలో నటుల సంఘం ఈక్విటీతో బీబీసీకి ఉన్న ఒడంబడికల ప్రకారం ఒక కార్యక్రమాన్ని పరిమిత కాలంలోపు, పరిమితంగా మాత్రమే మళ్ళీ ప్రసారం చేయవచ్చు. పాత కార్యక్రమాలను పదేపదే వేసి కొత్త పనులు తగ్గిస్తారన్న భయం నటులకు ఉండేది, అది న్యాయమైన భయమే. గడువు తీరిన టేపులకు విలువ లేదనుకుని, వాటిని చెరిపి మళ్ళీ వాడుకోవడానికి దారితీసిన కారణాల్లో అదొకటి. ఫలితంగా పాడ్‌బరీ నటించిన కథల యాభై భాగాల్లో పదకొండు మన ముందు లేవు. ది వీల్ ఇన్ స్పేస్‌లో ఆరింటికి రెండే మిగిలాయి. ది స్పేస్ పైరేట్స్‌లో ఆరింటికి ఒక్కటే. ది ఇన్వేజన్‌లో పోయిన రెండు భాగాలను 2006లో బొమ్మలతో పునర్నిర్మించారు, మిగిలి ఉన్న శబ్దాన్ని వాటికి జతచేశారు.

ఒక నటి పనిలో అయిదో వంతుకు పైగా మాయమైపోయిందంటే ఎలా ఉంటుందో ఆలోచించండి. ఒప్పందంలో ప్రతి అక్షరం ఎంత ముఖ్యమో అలాంటి నటికి ఎవరూ చెప్పనక్కరలేదు.

గోధూళి:

నా పొరపాటును మర్యాదగా దిద్దినందుకు కృతజ్ఞతలు పాతసీరియళ్ళు గారూ. ఆమె కథల్లో ఒక్కటి కూడా నేను పూర్తిగా చూడలేదని ఒప్పుకోవడానికి సంకోచంగా ఉంది. నలుపు తెలుపు కథలు, అందులోనూ పది భాగాల కథలు, ఎక్కడ మొదలుపెట్టాలో తెలియక వదిలేశాను. కొత్తగా చూసేవారు ఏ వరుసలో చూస్తే బాగుంటుంది?

పాతసీరియళ్ళు:

సంకోచం అక్కరలేదు. ముందుగా ది మైండ్ రాబర్ చూడండి. అయిదు చిన్న భాగాలు, ఏదీ పోలేదు. తరువాత ది ఇన్వేజన్. ఎనిమిది భాగాలన్న బెదురు వద్దు, సెయింట్ పాల్స్ చర్చి ముందు మెట్లు దిగివచ్చే సైబర్‌మెన్ కోసం, ప్రశ్నలడిగే కంప్యూటరును జోయీ లెక్కతో తికమకపెట్టి పేల్చేసే దృశ్యం కోసం చూడాలి. ఆ రెండూ నచ్చితే ది వార్ గేమ్స్ చివరి భాగానికి సిద్ధపడండి.

ఆ చివరి భాగంలో టైమ్ లార్డ్స్ జేమీనీ జోయీనీ తమతమ కాలాలకు పంపేస్తూ, డాక్టరుతో మొదటిసారి కలిసిన సందర్భం తప్ప మిగిలిన జ్ఞాపకాలన్నీ తుడిచేస్తారు. ఏదీ మరచిపోలేని అమ్మాయికి వేసిన శిక్ష అది. అంతరిక్ష కేంద్రానికి తిరిగి చేరిన జోయీ, ఏదో ముఖ్యమైనది మరచిపోయినట్లు ఒక్క క్షణం ఆగుతుంది. పాడ్‌బరీ ఆ ఒక్క క్షణాన్ని ఎంత తక్కువ నటనతో చేశారో గమనించండి. 1983లో ది ఫైవ్ డాక్టర్స్‌లో ఆమె కొద్దిసేపు కనిపించినప్పుడు, ఎదుట ఉన్నది నిజమైన జోయీ కాదని డాక్టరు పసిగట్టడానికి ఆ మతిమరుపే ఆధారం.

తరువాత చాలా ఏళ్ళు ఏజెంటు బల్ల వెనుకే ఉన్నా, శ్రవ్య నాటకాల్లో మళ్ళీ జోయీ గొంతుకు ప్రాణం పోశారు. 2010 నాటి లెజెండ్ ఆఫ్ ద సైబర్‌మెన్‌లో ఆమె ఎదుట డాక్టరుగా మాట్లాడినది కొలిన్ బేకర్. ఒకప్పుడు ఎవరి ఒప్పందాలు తాను చూసిపెట్టారో ఆ నటుడితోనే మైకు ముందు సహనటిగా నిలబడ్డారు.

అన్నింటి తరువాత 2023 నవంబరు నాటి టేల్స్ ఆఫ్ ద టార్డిస్‌లో ఆమె భాగాన్ని చూడండి. దానిలో చూపేది కూడా ది మైండ్ రాబర్ కథనే కనుక మీకు అన్నీ తెలిసి ఉంటాయి. ఫ్రేజర్ హైన్స్, పాడ్‌బరీ, ఇద్దరూ డెబ్భై దాటిన వయసులో ఒక పాత టార్డిస్, అంటే డాక్టరు కాలనౌక, లోపల ఎదురుపడతారు. ఈసారి వారికి అన్నీ గుర్తున్నాయి.